కాకి, తాటిపండు, కథ: యాదృచ్ఛికతను కథలో వాడుకోవడానికి ఒక ఊహాసిద్ధాంతం

కాకి వచ్చి తాటిచెట్టు మీద వాలింది, ఆ క్షణంలోనే పండు రాలి కింద పడింది. కాకి వాలినందువల్ల పండు రాలలేదు, పండు రాలబోతున్నదని కాకి వాలనూ లేదు. ఈ రెండింటి కలయికకు పూర్వులు కాకతాళీయం అని పేరు పెట్టారు. తర్కం చెప్పేవాడి పని అక్కడితో ముగుస్తుంది కాని కథ చెప్పేవాడి పని అక్కడే మొదలవుతుంది, ఎందుకంటే కథలో కాకిని పంపినదీ పండును రాల్చినదీ అతడే, ఆ సంగతి వినేవాడికీ తెలుసు. తెలిసి కూడా వినేవాడు “ఊఁ” కొట్టాలంటే ఏం చేయాలన్నదే ఇక్కడి ప్రశ్న.

ఈ వ్యాసంలో వివరించే సిద్ధాంతం ఏ అలంకారశాస్త్రంలోనూ లేదు. రాసిన కథలు చింపేసుకుంటూ నాకు నేను కల్పించుకున్నది. పేరు కావాలంటే కాకతాళీయ సిద్ధాంతం అనుకోవచ్చు. దాని మూలసూత్రం ఒక్కటే: కథలో యాదృచ్ఛికత సంఘటనలో ఉండదు, ఆ సంఘటనకు ముందు పాఠకుడు వేసుకున్న అంచనాలో ఉంటుంది. కథకుడు దిద్దవలసినది ఆ అంచనానే.

పద్ధతి అర్థం కావడానికి ఒక కథను వెంట తీసుకువెళదాం. సుజాత పదేళ్ల క్రితం భీమవరంలో తన స్నేహితురాలు నాగమణి దగ్గర ఒక పెళ్లికి వేసుకోవడానికి బంగారు గొలుసు అడిగి తీసుకుంది. ఇంటి అవసరానికి దాన్ని తాకట్టు పెట్టింది, విడిపించలేకపోయింది, ఆ మాట చెప్పలేక ఊరు విడిచి హైదరాబాదులో స్థిరపడింది. ఇప్పుడు ఆమె రైలులో ఊరికి వెళుతున్నది. ఎదుటి సీటులో నాగమణి కూర్చుని ఉంది. ఈ కలయికను పాఠకుడు ఎందుకు నమ్మాలి?

మొదటి మెట్టు: యాదృచ్ఛికత జాతిని గుర్తించడం

మన లౌకిక న్యాయాలలో, అంటే ఒక పరిస్థితిని పోలికతో చెప్పే పాత నానుడులలో, యాదృచ్ఛికతకు ఒక్క పేరు కాదు, చాలా పేర్లు ఉన్నాయి. వాటిలో నాలుగు కథకుడికి పనికివస్తాయి. సంబంధం లేని రెండు సంగతులు ఒకే సమయంలో కలిస్తే అది కాకతాళీయం. పురుగు కర్రను తొలుచుకుంటూ పోగా ఆ గాడి అక్షరంలాగా కనిపిస్తే అది ఘుణాక్షరం; పురుగుకు అక్షరాలు రావు, చదివేవాడికి వస్తాయి. వేలాడుతున్న కత్తికి మేక తన మెడను తానే రుద్దుకుని తెగిపడితే అది అజాకృపాణీయం. గుడ్డివాడి చేతికి పిచ్చుక చిక్కితే అది అంధచటకం.

మీ కథలోని సంఘటన వీటిలో ఏదో ముందుగా తేల్చుకోండి, ఎందుకంటే ఒక్కొక్కదానికి పాఠకుడు అడిగే సంజాయిషీ వేరు. కాకతాళీయానికి “ఇద్దరూ అక్కడికి ఎందుకు వచ్చారు?” అని అడుగుతాడు. అజాకృపాణీయానికి “కత్తి అక్కడ ఎందుకు వేలాడుతున్నది?” అని మాత్రమే అడుగుతాడు, మేకను గురించి అడగడు. ఘుణాక్షరానికి అసలు ఏమీ అడగడు, అర్థం తానే చెప్పుకుంటాడు. ఆర్గోస్ నగరంలో మిటిస్ అనేవాడి విగ్రహం, ఆ మిటిస్ చావుకు కారకుడైనవాడు దాన్ని చూస్తుండగా అతని మీదనే కూలి చంపిందన్న ఉదంతాన్ని అరిస్టాటిల్ తన కావ్యశాస్త్రంలో ఉదహరించాడు. ఇలాంటివి వట్టి యాదృచ్ఛికంగా తోచవని, అందుకే అలాంటి ఇతివృత్తాలు మేలైనవని అతని అభిప్రాయం. రాతికి పగ ఉండదు, కాని చూసేవాడికి తీర్పు కావాలి. ఘుణాక్షరం బలం అదే.

సుజాత, నాగమణిల కలయిక మొదటి చూపుకు కాకతాళీయం. చివరికి వచ్చేసరికి అది అలాగే ఉంటుందో లేదో చూద్దాం.

రెండవ మెట్టు: అణాలలో అంచనా కట్టడం

అంచనా అన్న మాట గాలిలో ఉంటే ఉపయోగం లేదు, దానికి కొలత కావాలి. శాతాలు వద్దు, 62 శాతానికీ 67 శాతానికీ తేడా పాఠకుడి మనసులో ఉండదు. పాత రూపాయి లెక్క ఇక్కడ చక్కగా అమరుతుంది. రూపాయికి 16 అణాలు, కనుక “పదహారణాల నిజం” అంటే సంపూర్ణ నిశ్చయం. అష్టాచెమ్మా ఆడే నాలుగు గవ్వలు పడే తీరులు కూడా సరిగ్గా 16. గవ్వ వెల్లకిలా పడడానికీ బోర్లా పడడానికీ సమాన అవకాశం ఉందనుకుంటే, ఒక్క గవ్వ వెల్లకిలా పడడానికి నాలుగణాలు, రెండు పడడానికి ఆరణాలు, మూడు పడడానికి నాలుగణాలు. నాలుగూ వెల్లకిలా పడే చెమ్మాకు ఒక అణా, నాలుగూ బోర్లా పడే అష్టాకు ఒక అణా. నిజమైన గవ్వ వీపు గుండ్రన, పొట్ట చదును కాబట్టి అది ఇంత న్యాయంగా పడదు. ఒకవైపు అరగదీసిన చింతపిక్కలూ పడవు. మన పనికి ఈ లెక్క చాలు.

చెమ్మా గాని అష్టా గాని పడితే తప్ప కాయ లోపలికి రాని పద్ధతిలో ఆడినవారికి ఈ రెండణాల బరువు బాగా తెలుసు. అయిదు పందాలు వేసినా, రెండింటిలో ఏదో ఒకటి కనీసం ఒకసారి పడే అవకాశం సగానికి కొంచెం తక్కువే. ఆరవ పందానికి అది సగం దాటుతుంది. ఆట చూస్తున్నవాళ్లు అప్పుడే మెడలు ముందుకు చాపుతారు.

ఇప్పుడు మీ కథను దృశ్యాలుగా విడదీసి, ఒక కాగితం మీద ప్రతి దృశ్యం ఎదుట, తరువాత జరగబోయేదానికి పాఠకుడు ఎన్ని అణాలు ఇస్తాడో రాయండి. మీ అంచనా కాదు, అతనిది. అది తెలుసుకోవడానికి కథను ఒకరికి చదివి వినిపిస్తూ దృశ్యం దృశ్యానికి ఆగి “తరువాత ఏమవుతుందనుకుంటున్నారు?” అని అడగడం కంటే మంచి దారి లేదు. పడుకోబెడుతూ కథ చెప్పే అమ్మమ్మకు ఈ కాగితం అవసరం లేదు, ఎందుకంటే మనవడి “ఊఁ” సాగిందా తెగిందా అన్నదాన్ని బట్టే ఆమె రాక్షసుణ్ణి ఒక వాక్యం ముందుకో వెనక్కో జరుపుతుంది. బుర్రకథలో ఈ పని వంతలది. కథకుణ్ణి ఆపి ప్రశ్న వేసే హాస్యగాడు నిజానికి ప్రేక్షకుల అంచనాను పైకి పలుకుతున్నాడు. ఒంటరిగా కూర్చుని రాసేవాడికి అమ్మమ్మా లేదు, వంతా లేడు, అందువల్ల కాగితం కావాలి.

ఆ కాగితాన్ని చదివే తీరు ఇది. పన్నెండు అణాలు దాటిన సంగతి జరిగితే ఎవరికీ కొత్తగా ఏమీ తెలిసినట్టు ఉండదు. సున్నా అణాల సంగతి జరిగితే మోసం చేశారంటారు. ఒకటి నుంచి నాలుగు అణాల మధ్య ఉన్నది జరిగి, జరిగాక “ఇంకోలా ఎలా జరుగుతుంది?” అనిపిస్తే అక్కడ కథ నిలిచిందని అర్థం. టెలిఫోను సంకేతాల మీద పనిచేసిన అమెరికన్ గణితవేత్త క్లాడ్ షానన్ 1948లో సమాచారాన్ని కొలిచే సిద్ధాంతం ఇచ్చినప్పుడు, సంఘటన ఎంత అరుదైతే అది జరిగిందన్న వార్తలో అంత సమాచారం ఉంటుందని సూత్రీకరించాడు. ఆ కొలతలో ఎనిమిదింట ఒక వంతు అవకాశం ఉన్న మన చెమ్మా-అష్టాల కబురు మూడు బిట్లు, అంటే అవును-కాదు ప్రశ్నలు మూడింటి జవాబులకు సమానం. అయితే టెలిఫోను తీగకు నమ్మకంతో పని లేదు, పాఠకుడికి ఉంది.

మూడవ మెట్టు: నక్కా, బూరెల గంపా

ఈ సిద్ధాంతంలో నేను అన్నింటికంటే గట్టిగా నమ్మేది ఈ మెట్టును. దీన్ని కనిపెట్టినది నేను కాదు, తెలుగు సామెతలే.

“మూలిగే నక్క మీద తాటికాయ పడ్డట్టు” అంటాం. అదే తాటిచెట్టు, అదే పండు, కాకి స్థానంలో నక్క. అవకాశాల లెక్కలో ఇది కాకతాళీయం కంటే నమ్మదగినదేమీ కాదు. అయినా ఈ మాట విన్నవాడు “అదెలా సాధ్యం?” అనడు, అయ్యో అంటాడు. రెండవ సామెత “తంతే బూరెల గంపలో పడ్డట్టు”. దీన్ని విన్నవాడు నవ్వుతాడు, ఆ నవ్వులో కొంచెం అసూయ, కొంచెం అనుమానం ఉంటాయి. కష్టం తెచ్చే యాదృచ్ఛికతను పాఠకుడు అప్పుగా ఇస్తాడు. సుఖం తెచ్చేదానికి మాత్రం సొమ్ము ముందే చెల్లించాలి.

నా మొదటి చిత్తుప్రతిలో రైలులోని కలయిక కథ చివర ఉండేది. సుజాత అన్ని కష్టాలూ పడి ఊరికి బయలుదేరుతుంది, ఎదుట నాగమణి కనిపిస్తుంది, “ఆ గొలుసు సంగతి ఎప్పుడో మరిచిపోయానే” అంటుంది, ఇద్దరూ ఏడుస్తారు. ఇది ముమ్మాటికీ బూరెల గంప. దిద్దుబాటు చిన్నదే: కలయికను మొదటి పేరాకు మార్చాను. ఇప్పుడది నక్క మీది తాటికాయ, ఎందుకంటే సుజాత మెడలో కొత్త గొలుసు ఉంది, రాత్రంతా ప్రయాణం ఉంది, దిగిపోవడానికి వీలు లేదు. అవకాశం ఒక్క అణా కూడా పెరగలేదు, కాని పాఠకుడి అభ్యంతరం పోయింది. మొదటి పేజీలో ఒక్క యాదృచ్ఛికత ఉచితం. కథ అక్కడ ఎందుకు మొదలైందన్న ప్రశ్నకు అదే జవాబు.

సుఖాన్ని చివర పెట్టక తప్పని కథలు ఉంటాయి. అప్పుడు సొమ్ము ఎలా చెల్లించాలో నలోపాఖ్యానం చూపిస్తుంది. నన్నయ అరణ్యపర్వంలో తెలుగు చేసిన ఈ కథను, జూదంలో సర్వం పోగొట్టుకున్న ధర్మరాజుకు బృహదశ్వుడు చెబుతాడు. వినేవాడే ఓడినవాడు కాబట్టి ఇక్కడ లెక్క తప్పడానికి వీలు లేదు. సోదరుడు పుష్కరుడితో ఆడిన జూదంలో నలుడి ఓటమి సైతం వట్టి దురదృష్టం కాదు. కలి అతన్ని ఆవహించడానికి సందు వెతుకుతూ పన్నెండవ యేటి దాకా కాచుకున్నాడు, నలుడు ఒకనాడు కాళ్లు కడుక్కోకుండా సంధ్య వార్చడంతో ఆ సందు దొరికింది. ఇక గెలుపు సంగతి. నలుడి భార్య దమయంతికి రెండవ స్వయంవరమన్న కబురుకు అయోధ్య రాజు ఋతుపర్ణుడు విదర్భకు పరుగున వెళుతున్నాడు, బాహుకుడన్న మారుపేరుతో రథం తోలుతున్నవాడు నలుడు. దారిలో ఒక తాండ్రచెట్టు కనిపిస్తే రాజు దాని కొమ్మల ఆకులూ కాయలూ చూపుతోనే లెక్క చెబుతాడు. సంస్కృత మూలంలో రెండు కొమ్మలకు అయిదు కోట్ల ఆకులు, 2,095 కాయలు. నలుడు మెచ్చుకుని ముందుకు సాగిపోలేదు. వేళ మించిపోతున్నదని రాజు తొందరపెడుతున్నా రథం ఆపి, దిగి, లెక్కపెట్టాడు. లెక్క సరిపోయింది. అప్పుడు గుర్రాల మర్మం తెలిపే తన అశ్వహృదయ విద్యను ఇవ్వజూపి, దానికి మారుగా పాచికల మర్మం తెలిపే అక్షహృదయాన్ని అడిగి తీసుకున్నాడు. కలి అతని ఒంటి నుంచి వెడలి ఆ చెట్టులోనే దూరాడు.

ప్రాచీన కాలంలో పాచికలుగా వాడినవి తాండ్రకాయలే అన్న సంగతి గుర్తుంటే ఈ దృశ్యం ఎంత బిగువుగా అల్లినదో తెలుస్తుంది. అదృష్టం కాసే చెట్టు కిందనే నలుడు అదృష్టాన్ని లెక్కపెట్టడం నేర్చుకున్నాడు. ఆ తరువాత పుష్కరుణ్ణి ఒకే పందెంలో ఓడించినప్పుడు “కలిసొచ్చింది” అని ఎవరమూ అనం. గెలుపు సొమ్ము దారిలోనే చెల్లిపోయింది.

నాలుగవ మెట్టు: రెండింటికీ ఉమ్మడి కారణం వెతకడం

కాకతాళీయంగా కనిపించే చాలా సంగతుల వెనుక ఒకే గాలి ఉంటుంది. ఆ గాలికి చెట్టు ఊగింది, కాకి వాలింది. దాన్ని కథలోకి తెస్తే అణాలు పెరుగుతాయి. సుజాత, నాగమణి ఏ ఆషాఢంలోనో ఒక మంగళవారం ఒకే రైలెక్కితే అరణా కూడా ఇవ్వలేం. ప్రయాణాన్ని భోగికి రెండు రోజుల ముందుకు జరపండి. హైదరాబాదులో ఉన్న గోదావరి జిల్లాలవారు ఎందరో ఆ నాలుగు రోజుల్లోనే ఊళ్లకు కదులుతారు, ఆ దారిలో నడిచే రైళ్లు ప్రత్యేక రైళ్లతో కలిపి ఇన్నే. ఇప్పుడు ఇద్దరూ ఒకే రైలులో ఉండడం వింత కాదు. 72 బెర్తుల స్లీపరు బోగీలో ఇద్దరూ ఉన్నారనుకుంటే, బెర్తులు ఇష్టం వచ్చినట్టు కేటాయించినా, ఎనిమిది బెర్తుల అర ఒక్కటే ఇద్దరికీ పడే అవకాశం 71లో 7, అంటే పదింట ఒకటి. అణాన్నర పైమాటే.

ఈ విషయంలో మన సహజబుద్ధి నమ్మదగినది కాదు. పెళ్లి భోజనాల బంతిలో 23 మంది కూర్చుంటే, వారిలో ఏ ఇద్దరిదైనా పుట్టినరోజు ఒకటే అయ్యే అవకాశం సగం దాటుతుందంటే లెక్క వేసి చూపినా చాలామంది ఒప్పుకోరు. కాబట్టి లెక్క ప్రకారం సాధ్యమన్నది మీకు రక్షణ కాదు. పండుగ రద్దీ, తత్కాల్ దొరకని తొందర, మెట్ల మీద పెట్టెలు, ఇవి పాఠకుడి కంటికి కనబడాలి. కారణాన్ని వాక్యంగా చెప్పకండి. సంక్రాంతి కాబట్టి అందరూ వెళుతున్నారని రాస్తే అది సంజాయిషీ. ఒడిలో అరిసెల డబ్బా పెట్టుకుని బాత్రూము పక్కన కూర్చున్న ముసలామెను చూపిస్తే అది రైలు.

ఐదవ మెట్టు: దాచడమా, ముందే చెప్పడమా

కథలో తెలియనితనం మూడు చోట్ల ఉండవచ్చు: పాత్రకు తెలియకపోవడం, పాఠకుడికి తెలియకపోవడం, రాసేవాడికే తెలియకపోవడం. కొత్తగా రాసేవారు రెండవదాన్నే అనిశ్చితి అనుకుని అన్నీ దాచిపెడతారు.

శకుంతల కథను పక్కపక్కన పెట్టి చూడండి. మహాభారతంలో ఉంగరమూ లేదు, శాపమూ లేదు. దుష్యంతుడికి అంతా తెలుసు, లోకం నమ్మదని ఎరగనట్టు నటిస్తాడు, ఆకాశవాణి తీర్పు చెబుతుంది. కాళిదాసు తన నాటకంలో దుర్వాసుడి శాపాన్ని, ఆనవాలుతో దాని విమోచనాన్ని తెచ్చాడు. చేప కడుపులో రాజముద్ర ఉన్న ఉంగరం దొరకడం మామూలుగానైతే సున్నా అణాల సంగతి. కాని శాపం సంగతి చెలికత్తెలతోపాటు ప్రేక్షకులకు నాలుగవ అంకంలోనే తెలుసు, ఉంగరం చూస్తే తప్ప రాజుకు గుర్తు రాదనీ తెలుసు. అందుచేత ఉంగరం పోయిందని తెలిసిన క్షణం నుంచి దాని కోసం ఎదురుచూసేది మనమే. జాలరి దాన్ని అమ్మబోయి పట్టుబడితే మనకు కలిగేది అపనమ్మకం కాదు, అమ్మయ్య అన్న ఊరట. ముందే చెప్పడం వల్ల యాదృచ్ఛికత బాకీగా మారింది, బాకీ వసూలైతే ఎవరూ ఆశ్చర్యపడరు.

నా కథలో గొలుసు తాకట్టు సంగతి పాఠకుడికి మొదటి పేజీలోనే చెప్పేశాను. దాచి చివర బయటపెడితే ఒక్కసారి ఉలిక్కిపడతాడు; ముందే చెబితే సుజాత పవిట సర్దుకున్న ప్రతిసారీ ఉలిక్కిపడతాడు.

ఆరవ మెట్టు: గవ్వలు వేయడం

ఇది రాసేవాడి తెలియనితనానికి సంబంధించినది, అందరికీ నచ్చదు. చిత్తుప్రతి ఒకచోట ఆగిపోయినప్పుడు, మూడు నాలుగు దారులు రాసుకుని, వాటికి మీరు ఇచ్చే అణాల ప్రకారం గవ్వల పందాలు కేటాయించి, ఒకసారి వేయండి. నాగమణి గొలుసును చూసి తన గొలుసే అనుకుంటుందా (ఒకటి లేదా మూడు పడితే, ఎనిమిదణాలు), అసలు గమనించదా (రెండు పడితే, ఆరణాలు), తానే ఆ మాట ఎత్తుతుందా (చెమ్మా గాని అష్టా గాని, రెండణాలు)? నాకు రెండు పడింది. పడగానే నిరాశ కలిగింది, ఆ నిరాశతోనే నాకు కావలసింది మూడవ దారి అని తెలిసింది. అయినా మళ్లీ వేయకూడదు; రెండవసారి వేసేవాడు గవ్వలు ఆడడం లేదు, తన ఇష్టానికి సాక్షిని వెతుక్కుంటున్నాడు. పడ్డదానినే రాయాలి. నాగమణి గొలుసు వంక చూడనే లేదని రాసుకుంటూ పోగా, ఒక బంగారు గొలుసు పోగొట్టుకున్న మనిషి రాత్రంతా ఎదుటి ఆడమనిషి మెడ వంక చూడకుండా ఉండడమే అసహజంగా తోచింది. గవ్వలు లేకపోతే ఆ దారి నాకు దొరికేది కాదు.

పని అయ్యాక గవ్వల జాడ కథలో మిగలకూడదని వేరే చెప్పనక్కరలేదు.

ఏడవ మెట్టు: ఫలితం తేలాక మిగిలే అనిశ్చితి

సభాపర్వంలోని జూదంలో పాచికల ఫలితం గురించి వినేవాడికి సందేహమే లేదు. శకుని “గెలిచాను” అంటాడు, మళ్లీ గెలిచానంటాడు, ప్రతిసారీ పదహారణాలు అతనివే. ధర్మరాజు నకులుణ్ణి, సహదేవుణ్ణి, అర్జునుణ్ణి, భీముణ్ణి, తనను, చివరికి ద్రౌపదిని ఒడ్డాడు. అనిశ్చితి అంతా పాచికల నుంచి జరిగి, అతను ఎక్కడ ఆగుతాడన్న ప్రశ్నలోకి వచ్చింది. అతను ఆగలేదు. ఇక ఏమీ మిగలలేదనుకున్నప్పుడు ద్రౌపది ప్రశ్న వచ్చింది: ముందు తనను తాను ఓడాడా, నన్ను ఓడాడా? పాచికలు ఎప్పుడో పడిపోయాయి, ఎవరు గెలిచారో సభ మొత్తానికీ తెలుసు, అయినా గెలిచినదేమిటో భీష్ముడంతటివాడు తేల్చి చెప్పలేకపోయాడు.

మీ కథ చివరి దృశ్యాన్ని ఈ చూపుతో చదవండి. సంఘటన తేలిపోయినా దాని అర్థానికి పాఠకుడు ఇచ్చే అణాలు ఎనిమిదికి అటూ ఇటూ ఊగుతుంటే అక్కడ ఆపవచ్చు. అర్థం రెండణాలకు పడిపోయిందంటే మీరు అతనికి కావలసిన సంగతేదో ఇవ్వలేదు, వెనక్కి వెళ్లి ఇవ్వండి.

సుజాత కథలో గొలుసు సంగతి తెల్లవారుజామున తేలిపోతుంది. సుజాత చెబుతుంది, నాగమణి వింటుంది, కోపమూ కన్నీళ్లూ పెద్దగా ఉండవు. ఇక్కడ ఆపితే కలయిక కాకతాళీయంగానే మిగులుతుంది. అందుకని ఆకివీడు దాటాక టీసీని తీసుకువచ్చాను. అతను జాబితా చూసుకుంటూ నాగమణి దగ్గర ఆగి, “అమ్మా, మీ బెర్తు ఎస్-7లో కదా?” అంటాడు. నాగమణి కిటికీలోంచి చేపల చెరువుల వైపు చూస్తూ, “ఇక్కడ గాలి బాగుందని కూర్చున్నాను బాబూ” అంటుంది.